ఆవపొడి డబ్బా

పొద్దున్న కూర్చున్నప్పుడు ఇవాళ్టితో స్క్రిప్టు అయిపోతుందనుకున్నా. అవలేదు.

ఇరవై నిమిషాల ఎపిసోడ్. 1888, లండన్‌లో వైట్‌చాపెల్ అనే పేట, అక్కడి హత్యలు. జాక్ ది రిప్పర్ అని పేరుపడ్డ, ఎప్పటికీ దొరకని ఆ హంతకుడు ఎవడన్న గొడవలోకి దిగకూడదని ముందే ఒట్టు పెట్టుకున్నాను. దిగితే అనుమానితుల పేర్లు చదవడంతోనే టైమంతా హరించుకుపోతుంది. పైగా వాళ్ళలో ఒక్కడి మీద కూడా నేరం రుజువు కాలేదు. అందుకే ఒక్క మనిషినే పట్టుకున్నాను, హతుల్లో ఒకామె కేథరిన్ ఎడ్డోస్‌ని. సెప్టెంబర్ 29 రాత్రి తాగి పడిపోయిందని బిషప్స్‌గేట్ స్టేషన్‌లో పెట్టారు. మత్తు దిగాక ఒంటిగంట ప్రాంతంలో వదిలేశారు. ముప్పావుగంట తిరక్కుండానే మైటర్ స్క్వేర్‌లో గస్తీ కానిస్టేబుల్‌కి శవమై కనబడింది.

నిన్న రాసిన మొదలు చూసుకుని తెగ మురిసిపోయాను. పొగమంచు, గుర్రపుబండి చప్పుడు, మిణుకుమిణుకుమనే దీపం. ఇవాళ చదివితే నాకే నవ్వొచ్చింది. ఆ రాత్రి పొగమంచు పట్టిందని నాకెవరు చెప్పారు? సినిమాలు! కొట్టేశాను.

కొట్టేశాక మిగిలిన ఖాళీలోకి ఏం తేవాలా అని పాత కాగితాలు తిరగేస్తుంటే, వారం క్రితం పక్కన పడేసిన లిస్టు కనబడింది. ఆమె దగ్గర దొరికిన వస్తువులన్నీ పోలీసులు రాసిపెట్టారు. ఒక డబ్బాలో టీపొడి, ఇంకోదాంట్లో పంచదార. ఆరు సబ్బు ముక్కలు. దువ్వెన. స్పూను. తెల్ల పిడి కత్తి. సూదులు, గుండుసూదులు పెట్టుకున్న ఎర్రగుడ్డ. కళ్ళజోడు ముక్క. గుడ్డపీలికలు. సంసారమంతా ఒంటిమీదే మోసుకు తిరిగిందన్నమాట. ఆ లిస్టు పక్కన నా చేతిరాతతోనే ఉంది: "టైం లేదు".

అందులోనే ఒక ఆవపొడి డబ్బా, దాన్లో రెండు తాకట్టు చీటీలు. ఆ చీటీల సంగతి పేపర్లో చదివే జాన్ కెల్లీ, ఆమెతో కలిసి ఉంటున్నవాడు, పోలీసుల దగ్గరికి వెళ్ళాడు. ఒక చీటీ అతని బూట్లదే. రెండున్నర షిల్లింగులకి తాకట్టు పెట్టారు. ఆమె తాకట్టు కొట్లోకి వెళ్తే తను ఉత్త కాళ్ళతో బయట నిలబడ్డాడట. స్టేషన్‌లో ఆమె చెప్పింది దొంగ పేరు. అసలు పేరు బయటపడింది ఈ డబ్బా వల్లే.

తాకట్టు ఏ రోజు పెట్టారన్న దగ్గర మాత్రం రెండు గంటలు పోయాయి. చీటీ మీద శుక్రవారం తేదీ. చావు ఎలా జరిగిందో తేల్చే కరోనర్ అనే అధికారి విచారణలో కెల్లీ ముందు శనివారం అన్నాడు. అబద్ధమాడాడని లాగేవాళ్ళు ఉన్నారు. పోయిన శుక్రవారం ఏం చేశానో చెప్పమంటే నేనూ తడుముకుంటాను. రెండూ చెప్పేసి ఊరుకుంటా.

గాయాల గురించి డాక్టర్ సాక్ష్యం పేజీకి మించే ఉంది. ఒక్క వాక్యం ఉంచాను.

సాయంత్రం టైమర్ పెట్టి చదివితే 22 నిమిషాలు వచ్చింది. లిస్టుకి నలభై సెకన్లు. "జాక్ ది రిప్పర్" అన్న సంతకంతో వచ్చిన ఉత్తరం మీద నేను ఇష్టంగా రాసుకున్న పేరాకి రెండు నిమిషాల పైమాట. ఆ ఉత్తరం ఎవరో విలేకరి పనేనని తర్వాత పోలీసు పెద్దలే అనుమానించారు. ఉత్తరం తీసేశాను. రేపు మళ్ళీ టైమర్ పెట్టాలి.