చీటీ ఉన్నా మాత్రలు ఇవ్వలేదు

డాక్టరు రాసిన చీటీ చేతిలో ఉండగానే మందుల దుకాణంలో నన్ను దొంగలా చూశారు. ఆ మంట ఇంకా ఆరలేదు.

మాది నిజామాబాద్ జిల్లా. ఏళ్ల తరబడి సాయంత్రం కుట్టుమిషను కట్టేయగానే కల్లు దుకాణానికి వెళ్లేవాణ్ణి. అక్కడ పోసేది చెట్టు కల్లు కాదు, అల్ప్రాజోలం, డైజీపాం లాంటి నిద్రమత్తు మందులు కలిపిన నీళ్లు. 2015లో సరఫరా ఆగినప్పుడు వణుకుతూ, పొంతన లేకుండా మాట్లాడుతూ జనం ఆసుపత్రులకు చేరడం జిల్లా అంతా చూసింది. అయినా ఆ వ్యాపారం ఆగలేదు.

మానేద్దామని ఒక పూట తాగకపోతే సూదిలో దారం ఎక్కించలేకపోయాను. రాత్రి గోడ మీద పురుగులు పాకుతున్నట్టు కనిపించింది. తెల్లవారగానే అక్క ప్రభుత్వ ఆసుపత్రిలో మానసిక వైద్య విభాగానికి తీసుకెళ్లింది. ఓపీ, పరీక్షలు ఇబ్బంది లేకుండా అయిపోయాయి. ఉన్నట్టుండి ఆపితే ఫిట్స్ వస్తాయని, ప్రాణానికే ముప్పని డాక్టరమ్మ చెప్పారు. డైజీపాం రాసి, మెల్లమెల్లగా తగ్గిద్దామన్నారు. ఆసుపత్రిలో మాత్రలు లేవు, బయట కొనుక్కోమన్నారు.

దుకాణాయన చీటీ చదివి నా చేతుల వంక చూశాడు. "కల్లు కేసా? మీలాంటి వాళ్లకు ఈ మాత్రలు ఇవ్వం" అని అందరికీ వినపడేలా అన్నాడు. వెనక నిలబడ్డ ఆవిడ పిల్లాణ్ణి పక్కకు లాక్కుంది. చీటీని గల్లా మీదికి విసిరేశాడు. నాకు నోరు పెగల్లేదు. అక్కే నిలదీసింది: "అన్నా, డాక్టరు సంతకం ఉంది కదా, ఎందుకు ఇవ్వరు?" ఆయన ఇంకొకరికి దగ్గు మందు ఇస్తూ నిలబడ్డాడు.

తరువాత డాక్టరమ్మే చెప్పారు. డైజీపాం షెడ్యూల్ హెచ్1 మందు, అంటే డాక్టరు చీటీ ఉంటేనే అమ్మాల్సిన మందుల జాబితాలోది. డాక్టరు పేరు, రోగి పేరు, మందు, పరిమాణం పుస్తకంలో రాసుకుని ఇవ్వాలి, ఆ పుస్తకం మూడేళ్లు దాచాలి. రోగిని నలుగురిలో అవమానించమని ఏ నిబంధనలోనూ లేదు. చీటీ లేకుండా మత్తు పోసే కల్లు దుకాణానికి జనం దండాలు పెడతారు, మానడానికి వచ్చినవాణ్ణి తరుముతారు. ఇదేం న్యాయం?

మీ ఇంట్లో ఇలాంటివాళ్లుంటే గదిలో పెట్టి తాళం వేయకండి, ఆసుపత్రికి తీసుకెళ్లండి. ఎక్కడికి వెళ్లాలో తెలియకపోతే మత్తు మానేవాళ్లకు సాయం చేసే ప్రభుత్వ నంబరు 14446కు ఫోను చేయండి, డబ్బు ఖర్చు కాదు. మందులకు వెళ్లేటప్పుడు గట్టిగా మాట్లాడే మనిషిని వెంట తీసుకెళ్లండి.

ఇప్పుడు రవికల చేతిపని నేనే చేస్తున్నాను, వంకర లేని కుట్టు పడుతోంది. సోమవారం నుంచి రాత్రి సగం మాత్రే.