కంపార్ట్‌మెంట్‌లో బాంబర్ పాఠం

తిరుపతి బస్టాండులో దిగగానే అలిపిరికి ఆటో మూడు వందలన్నాడు. ఆ డబ్బుతో మా మదనపల్లె ఊరంతా రెండుసార్లు చుట్టి రావచ్చు. బేరమాడితే రెండొందలకు దిగాడు గానీ ఆ చిరాకు మెట్లెక్కినంతసేపూ పోలేదు, గాలిగోపురం దగ్గర నాలుగు మామిడికాయ ముక్కలు నలభై అనేసరికి ఇంకాస్త ముదిరింది.

మధ్యాహ్నం మూడింటికి సర్వదర్శనం కంపార్ట్‌మెంట్‌లో పడ్డాం. పద్దెనిమిది గంటలట. ఫోన్లు ముందే ఇచ్చేశాం కదా, తొమ్మిదో తరగతి చదివే మావాడికి ప్రాణం పోయినట్టుంది. "ఫోనుంటే ఈపాటికి గేములో బీ-2 బాంబర్‌ని రెండుసార్లు లేపి దింపేవాణ్ణి" అని గొణిగాడు. బీ-2 అంటే అమెరికావాళ్ల బాంబులేసే విమానం.

పక్కనున్న పెద్దాయన విన్నాడు. చిత్తూరాయన, వైమానిక దళంలో శిక్షణ సిమ్యులేటర్లు, అంటే నేలమీదే విమానం నడిపినట్టు నేర్పే పెట్టెలు, బాగుచేసి రిటైరయ్యాడట. "ఎంతసేపు నడుపుతావు నాయనా?" అన్నాడు. పది నిమిషాలన్నాడు మావాడు.

"అమెరికాలో దాన్ని నడిపేవాళ్లు నేలమీదే, సిమ్యులేటర్‌లో, ఒక్కోసారి ఇరవైనాలుగు గంటలు కూర్చుంటారు."

ఎందుకంటే 2001లో మిస్సోరిలోని వైట్‌మన్ వైమానిక స్థావరం నుంచి అఫ్గానిస్తాన్ దాకా వెళ్లిన బీ-2 ఒకటి 44 గంటలు గాల్లోనే ఉందట. లోపల ఉండేది ఇద్దరే. ఒకరు కునుకు తీస్తే ఇంకొకరు చూసుకోవాలి. ఎప్పుడు పడుకోవాలి, ఎప్పుడు తినాలి, కళ్లు మూతలు పడుతున్న వేళ ఇంకో విమానం వెనక అతుక్కుని గాల్లోనే ఇంధనం ఎలా నింపుకోవాలి, ఇదంతా ముందే ఆ పెట్టెలో కూర్చుని అలవాటు చేసుకుంటారట. "చేసిందే 21 విమానాలు, నేర్చుకోడానికని పాడు చేసుకుంటారా సామీ?" అన్నాడు నాతో.

ఈలోగా పాలొచ్చాయి. గ్లాసు పట్టుకునే గువామ్ అనే అమెరికా దీవిలో జరిగిన ప్రమాదం సంగతి చెప్పాడు. 2008లో అక్కడ ఓ బీ-2 సెన్సర్లలో తేమ చేరి కంప్యూటర్‌కి లెక్కలు తప్పాయి. నేల వదులుతూనే విమానం ముక్కు పైకెత్తేసి కూలింది. ఇద్దరూ సీట్లతో సహా బయటికెగిరి బతికారు గానీ 140 కోట్ల డాలర్లు బూడిద. మావాడు ఆ అంకె విని సున్నాలు లెక్కపెడుతూ కూర్చున్నాడు. నేనైతే ఆటోవాడికి పోసిన రెండొందలు అప్పుడు మర్చిపోయాను.

రాత్రి ఉప్మా తిన్నాక పెద్దాయన తువ్వాలు తలకింద పెట్టుకుని పడుకున్నాడు. మావాడు వెంటనే వంతులు పెట్టాడు. "నాన్నా, రెండు గంటలు నేను పడుకుంటా, తర్వాత నువ్వు. నువ్వు మెలకువగా ఉండి గేటు చూడు."

సరేనన్నాను. రెండు గంటలయ్యాక లేపితే లేవలేదు, నాలుగయ్యాకా లేవలేదు. తెల్లారుజామున గోవిందా అని జనమంతా ఒక్కసారి లేచేసరికి పెద్దాయన అప్పటికే తువ్వాలు మడిచి భుజాన వేసుకుని నిలబడ్డాడు. మావాణ్ణి నేను రెక్క పట్టి లాక్కెళ్లాను.