కేంద్ర మంత్రులు, శాఖలు: గోదావరి డెల్టాను ముందు పెట్టుకుని చదివిన విధానం

కేంద్ర మంత్రులు, శాఖల జాబితాను మనలో చాలామంది పరీక్షకు వారం ముందు తెరుస్తారు. పేర్లకు ఎదురుగా శాఖలు రాసి ఉన్న ఆ కాగితాన్ని రెండు మూడు సార్లు చదివితే వచ్చేసినట్టే ఉంటుంది గానీ, జతపరచమనే ప్రశ్నలో నాలుగు పేర్లను తారుమారు చేసి ఇచ్చేసరికి ఏ జత సరైనదో తేల్చుకోలేము. గ్రూప్-2లో తప్పు జవాబుకు మూడో వంతు మార్కు కోత ఉంది కనుక ఊహించి బబుల్ నింపే ధైర్యమూ చాలదు. నేను అమలాపురంలో ఉంటూ గ్రూప్-2కు, కేంద్ర ఉద్యోగాల పరీక్షలకు కలిపి చదివిన కాలంలో, ఈ అంశాన్ని తలకిందులుగా పట్టుకోవడమే మేలని తోచింది. ముందు పని, తరువాత ఆ పని చూసే శాఖ, చివరగా మంత్రి పేరు. మంత్రులు మారతారు, శాఖల పేర్లూ అప్పుడప్పుడు మారతాయి, కానీ ఏ పని ఎవరిది అన్నది అంత తేలికగా మారదు.

రాజ్యాంగ భాగం చిన్నదే అయినా ఖాయమైన మార్కులు అక్కడే ఉన్నాయి. మంత్రిమండలి రాష్ట్రపతికి సలహా ఇవ్వడం 74వ అధికరణం, నియామకాలు 75, ప్రభుత్వ వ్యవహారాల నిర్వహణ 77, ప్రధాని రాష్ట్రపతికి తెలియజేయవలసిన విషయాలు 78. ఏ సభలోనూ సభ్యత్వం లేని మంత్రి వరుసగా ఆరు నెలల్లోగా సభ్యత్వం పొందకపోతే పదవి కోల్పోతారు. మండలి సమష్టిగా లోక్‌సభకు బాధ్యత వహిస్తుంది. 2003 నాటి 91వ సవరణ ప్రకారం ప్రధానితో కలిపి మంత్రుల సంఖ్య లోక్‌సభ మొత్తం సభ్యుల్లో 15 శాతం దాటకూడదు. 543లో 15 శాతం 81.45 కనుక పరిమితి 81. 2024 జూన్ 9న ప్రమాణం చేసిన మండలిలో ప్రధానితో పాటు 30 మంది క్యాబినెట్ మంత్రులు, స్వతంత్ర హోదా గల సహాయ మంత్రులు ఐదుగురు, సహాయ మంత్రులు 36 మంది, మొత్తం 72 మంది ఉన్నారు. మండలి అంతా క్యాబినెట్ కాదు: అత్యవసర పరిస్థితి ప్రకటనకు 352వ అధికరణం కోరే లిఖితపూర్వక నిర్ణయం క్యాబినెట్‌ది మాత్రమే, ఆ నిబంధన 1978 నాటి 44వ సవరణతో వచ్చింది.

77వ అధికరణంలోని మూడో క్లాజు కింద రూపొందినవే 1961 నాటి వ్యవహారాల కేటాయింపు నియమాలు. పాఠ్యపుస్తకాలు ఒక్క వాక్యంతో దాటేసే ఈ నియమాలే నా దృష్టిలో ఈ అధ్యాయానికి అసలు గ్రంథం. మొదటి షెడ్యూలులో మంత్రిత్వ శాఖలు, విభాగాలు ఉంటాయి. రెండో షెడ్యూలులో ఒక్కో విభాగానికి అప్పగించిన పనులు ఉంటాయి. అది క్యాబినెట్ సచివాలయం వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. మొత్తం చదవనక్కరలేదు, కానీ సందేహం వచ్చిన ప్రతిసారీ గైడు పుస్తకానికి బదులు దానినే తెరవడం అలవాటు చేసుకోండి.

హోదాల తేడాకు మన ప్రాంతం వారే ఉదాహరణలుగా సరిపోతారు. 2012 అక్టోబరు 28 నాటి పునర్వ్యవస్థీకరణలో, అప్పటిదాకా రక్షణ శాఖ సహాయ మంత్రిగా ఉన్న కాకినాడ ఎంపీ పల్లంరాజు క్యాబినెట్ హోదాతో మానవ వనరుల శాఖకు వెళ్లారు. అదే రోజు మొగల్తూరుకు చెందిన రాజ్యసభ సభ్యుడు చిరంజీవికి స్వతంత్ర హోదాతో పర్యాటక శాఖ దక్కింది. 2024లో నరసాపురం ఎంపీ భూపతిరాజు శ్రీనివాస వర్మ భారీ పరిశ్రమలు, ఉక్కు శాఖల సహాయ మంత్రి అయ్యారు. ఆయనపైన అదే శాఖలకు క్యాబినెట్ మంత్రిగా కుమారస్వామి ఉన్నారు. స్వతంత్ర హోదా గలవారికి తమ శాఖలో అలా పైమంత్రి ఉండరు. అమలాపురం ఎంపీ బాలయోగి 1998 నుంచి 2002 వరకు లోక్‌సభ స్పీకరు కనుక ఈ జాబితాలోకే రారు, అయినా ఆప్షన్లలో ఆ పేరు ఇస్తే తడబడే అవకాశం లేకపోలేదు.

ఇక పనుల సంగతి. కోనసీమలో పుట్టినవారికి కొబ్బరి గురించి ఒకరు చెప్పనక్కరలేదు, కానీ కాయ ఒక శాఖది, పీచు మరో శాఖది అన్న సంగతి చదివితేనే తెలుస్తుంది. కొబ్బరి అభివృద్ధి మండలి వ్యవసాయ శాఖ కింద ఉంది. పీచు పరిశ్రమను చూసే కాయిర్ బోర్డు సూక్ష్మ, చిన్న, మధ్యతరహా పరిశ్రమల శాఖ కింద ఉంది. 2024 కేటాయింపుల ప్రకారం మొదటిది శివరాజ్ సింగ్ చౌహాన్, రెండోది జితన్ రామ్ మాంఝీ. రొయ్యకూ ఇదే వరస. చెరువులో పెంచినంతవరకు అది మత్స్య, పశుసంవర్ధక, పాడి పరిశ్రమల శాఖ వ్యవహారం, అంటే రాజీవ్ రంజన్ సింగ్. తీరప్రాంత ఆక్వాకల్చర్ అథారిటీ కూడా ఆ శాఖదే. ఎగుమతికి సిద్ధమయ్యేసరికి అది సముద్ర ఉత్పత్తుల ఎగుమతుల అభివృద్ధి సంస్థ చేతికి వస్తుంది, ఆ సంస్థ వాణిజ్య శాఖది, అంటే పీయూష్ గోయల్. పరీక్ష రాసేవారికి ఇందులో ఒక చిక్కు ఉంది: కొబ్బరి మండలి, కాయిర్ బోర్డు, సముద్ర ఉత్పత్తుల సంస్థ మూడింటి ప్రధాన కార్యాలయాలూ కొచ్చిలోనే ఉన్నాయి, మంత్రిత్వ శాఖలు మాత్రం మూడు వేరు.

వరి మరింత లోతైన పాఠం. సార్వా (ఖరీఫ్) అయినా దాళ్వా (రబీ) అయినా మద్దతు ధరను సిఫారసు చేసే వ్యవసాయ వ్యయాలు, ధరల కమిషన్ వ్యవసాయ శాఖలో ఉంది. ఆ ధరను ఆమోదించేది ప్రధాని అధ్యక్షతన ఉండే ఆర్థిక వ్యవహారాల క్యాబినెట్ కమిటీ. కేంద్ర నిల్వలను చూసే భారత ఆహార సంస్థ వినియోగదారుల వ్యవహారాలు, ఆహార, ప్రజాపంపిణీ శాఖది. ఆ చేనుకు వేసే యూరియా వ్యవసాయ శాఖ కిందికి రాదు, రసాయనాలు, ఎరువుల శాఖ కిందికి వస్తుంది. రైతు అప్పు తీసుకునే ఊరి సహకార సంఘం విషయంలో కేంద్రంలో చూసేది 2021 జులైలో ఏర్పడిన సహకార శాఖ, నాబార్డు మాత్రం ఆర్థిక శాఖ పరిధిలోనిది. సహకార సంఘాలు రాష్ట్ర జాబితాలోని అంశమన్నది కూడా పక్కనే రాసుకోండి, ఎందుకంటే పాలిటీలో ఆ రెండూ కలిపి అడగదగిన విషయాలే.

తుపాను, వరదల కాలంలో పత్రిక చదువుతుంటే శాఖలు వరుసగా కనబడతాయి. తుపాను హెచ్చరిక ఇచ్చే వాతావరణ శాఖ భూవిజ్ఞాన శాస్త్రాల మంత్రిత్వ శాఖకు చెందింది. గోదావరి వరద ఎంత వస్తుందో అంచనా వేసే కేంద్ర జల సంఘం జలశక్తి శాఖది. లంకల్లో జనాన్ని పడవలెక్కించే జాతీయ విపత్తు స్పందన దళం హోం శాఖది. పంట పోయాక బీమా చెల్లింపుల మాట వచ్చేసరికి మళ్లీ వ్యవసాయ శాఖ. ఒక వరద వార్తను ఇలా నాలుగు శాఖలుగా విడదీసి నోటుపుస్తకంలో రాసుకోవడం, పది పేజీల బిట్ల కంటే ఎక్కువ పనిచేసింది. పోలవరం ప్రాజెక్టు అథారిటీ, గోదావరి నదీ యాజమాన్య బోర్డు రెండూ జలశక్తి శాఖకే చెందుతాయి, ఆ శాఖకు 2024లో సి.ఆర్. పాటిల్ వచ్చారు.

కాలువల్లో మరో మెలిక ఉంది. ధవళేశ్వరం నుంచి వచ్చే నీటిపారుదల రాష్ట్రం పని. అదే కాకినాడ, ఏలూరు కాలువలు నాలుగో జాతీయ జలమార్గంలో భాగం కనుక పడవల రవాణా కోణంలో అవి ఓడరేవులు, నౌకాయానం, జలమార్గాల శాఖ కిందికి వస్తాయి. కాకినాడ రేవు మాత్రం ప్రధాన ఓడరేవు కాదు, రాష్ట్ర పరిధిలోది. మన రాష్ట్రంలో కేంద్రం ఆధీనంలోని ప్రధాన ఓడరేవు విశాఖపట్నం. మన చమురు, గ్యాస్ బావులు పెట్రోలియం శాఖవి. నరసాపురం లేసు అల్లిక హస్తకళగా జౌళి శాఖకు సంబంధించింది, దానికి భౌగోళిక గుర్తింపు ఇచ్చే రిజిస్ట్రీ వాణిజ్య, పరిశ్రమల శాఖది.

ఇంతవరకు వచ్చినవారికి పేర్లు పెద్ద బరువుగా ఉండవు. రాజ్‌నాథ్ సింగ్ రక్షణ, అమిత్ షా హోం, నిర్మలా సీతారామన్ ఆర్థికం, జైశంకర్ విదేశాంగం, గడ్కరీ రోడ్డు రవాణా అన్నవి అందరికీ వచ్చినవే కనుక వాటి మీద సమయం పెట్టవద్దు. ప్రశ్నకు పనికొచ్చేవి పొంతన లేని జంటలు: జె.పి. నడ్డాకు ఆరోగ్యంతో పాటు రసాయనాలు, ఎరువులు. ప్రహ్లాద్ జోషికి ఆహారంతో పాటు నవీన, పునరుత్పాదక ఇంధనం. మాండవీయకు కార్మిక శాఖతో పాటు క్రీడలు. సింధియాకు కమ్యూనికేషన్లతో పాటు ఈశాన్య ప్రాంత అభివృద్ధి. మనోహర్ లాల్‌కు గృహనిర్మాణంతో పాటు విద్యుత్తు. తెలుగువారిలో రామ్మోహన్ నాయుడు పౌర విమానయానం, కిషన్ రెడ్డి బొగ్గు, గనులు. సహాయ మంత్రుల్లో పెమ్మసాని చంద్రశేఖర్ గ్రామీణాభివృద్ధి, కమ్యూనికేషన్లు, బండి సంజయ్ హోం. మొదటి అక్షరాలు కలిపి కట్టే కోడ్ మాటలు కొన్ని చలామణీలో ఉన్నాయి. ఒక్క మంత్రి మారితే ఆ కోడ్ అంతా కూలిపోతుంది కనుక వాటిని నేను దగ్గరికి రానివ్వలేదు.

పేరును బట్టి ఊహిస్తే పట్టుబడే అంశాలు కొన్ని ఉన్నాయి. జనగణన గణాంకాల శాఖది కాదు, హోం శాఖది. అధికార భాషా విభాగమూ హోం శాఖలోనే ఉంది. సీబీఐ సిబ్బంది వ్యవహారాల మంత్రిత్వ శాఖ కింద, ఈడీ ఆర్థిక శాఖలోని రెవెన్యూ విభాగం కింద పనిచేస్తాయి. అణు ఇంధనం, అంతరిక్షం విభాగాలు, సిబ్బంది వ్యవహారాలు, ఎవరికీ కేటాయించని శాఖలన్నీ ప్రధాని వద్ద ఉంటాయి. వాటిలో సహాయ మంత్రిగా ఉన్న జితేంద్ర సింగ్‌కే శాస్త్ర సాంకేతికం, భూవిజ్ఞానం స్వతంత్ర హోదాతో ఉన్నాయి. క్యాబినెట్ కమిటీల్లో రెండింటి కూర్పు నేర్చుకుంటే చాలు: భద్రతా కమిటీలో ప్రధాని, రక్షణ, హోం, ఆర్థిక, విదేశాంగ మంత్రులు, నియామకాల కమిటీలో ప్రధాని, హోం మంత్రి.

పాత పుస్తకాలు కొనేవారు శాఖల పేర్లు సరిచూసుకోవాలి. జలశక్తి 2019లో జలవనరుల, తాగునీటి శాఖల కలయికతో ఏర్పడింది. మానవ వనరుల శాఖ 2020లో విద్యా శాఖ అయింది, నౌకాయాన శాఖ పేరులో ఓడరేవులు, జలమార్గాలు అదే ఏడాది చేరాయి. పైన నేను ఇచ్చిన పేర్లన్నీ 2024 జూన్ 10 నాటి కేటాయింపులు. మీరు రాసే పరీక్ష నాటికి మార్పులు జరిగి ఉంటే రాష్ట్రపతి భవన్ ప్రకటనలో, పత్రికా సమాచార కార్యాలయం విడుదలల్లో దొరుకుతాయి. నోటుపుస్తకంలో మంత్రి పేరును పెన్సిలుతో, పనిని, శాఖను పెన్నుతో రాసుకుంటే దిద్దుబాటు సులువు.

రాష్ట్ర మంత్రివర్గానికి ప్రత్యేకంగా చదవవలసింది కొంచెమే. 164వ అధికరణంలోనూ అదే 91వ సవరణ, అదే 15 శాతం, అయితే చిన్న రాష్ట్రాల కోసం కనీస సంఖ్య 12 అన్న అదనపు మాట ఉంది. 175 స్థానాల మన శాసనసభకు లెక్క 26.25 వస్తుంది కనుక ముఖ్యమంత్రితో కలిపి 26 మందికి మించకూడదు. ఆ పేర్లు రోజూ జిల్లా పేజీల్లో కనిపించేవే, వాటికి ఒక సాయంత్రం కేటాయిస్తే సరిపోతుంది.