వెనకగదిలో మూలుగు: ఒక ఇంటి పరిశీలనలో నా అనుభవం

దెయ్యం ఉందన్న ఇంటికి వెళ్లినప్పుడు నేను మీటర్ల సంగతి తర్వాత చూస్తాను. ముందు ఇంట్లోవాళ్ల మాట వింటాను. చింతలపూడి వైపు ఒక పాత పెంకుటింటికి పిలిచినప్పుడూ అంతే.

"బాబూ, శాంతి చేయించాం, తాయెత్తులు కట్టించాం. చప్పుడు మాత్రం పోలేదు" అన్నారు ఆ ఇంటి మామ్మగారు. తెల్లవారుజామున వెనకగది గోడలోంచి మూలుగు వినిపిస్తుందట. కోడలికి నిద్రలో మెలకువ వచ్చి చూస్తే గుండెల మీద ఎవరో కూర్చున్నట్టుంటుందట, అరుద్దామన్నా నోరు పెగలదట.

ఇద్దరితో విడివిడిగా మాట్లాడాను. ఒకచోట కూర్చోబెడితే ఒకరు చెప్పింది ఇంకొకరి జ్ఞాపకంలో కలిసిపోతుంది. ఎన్నింటికి, ఏ వైపు నుంచి, ఆ రాత్రి ఎంతసేపు నిద్రపోయారు, ఏమైనా మందులు వాడుతున్నారా అని అడిగి రాసుకున్నాను.

కోడలికి చంటిబిడ్డ. కంటినిండా నిద్ర లేదు. కలలొచ్చే దశలో మన ఒళ్లు కదలకుండా మెదడు కండరాలను ఆపి ఉంచుతుంది. ఆ పట్టు వీడకముందే మెలకువ వస్తే కళ్లు తెరుచుకుంటాయి కానీ చెయ్యి లేవదు. ఛాతీ బరువెక్కుతుంది, గదిలో ఎవరో ఉన్నట్టనిపిస్తుంది. దీన్ని స్లీప్ పెరాలిసిస్ అంటారు. నిద్ర చాలనివాళ్లకూ, వెల్లకిలా పడుకున్నప్పుడూ ఎక్కువగా వస్తుంది. ఇదంతా చెప్తే ఆ అమ్మాయి చాలాసేపు ఏడ్చింది. ఒంట్లో ఏదో చేరిందని చుట్టాలు అంటుంటే ఇన్నాళ్లూ భరించింది మరి. ఇలాంటి భయాన్ని చూసి నవ్వేవాళ్లు ఈ పనికి రాకూడదని నా గట్టి అభిప్రాయం.

ఇక మూలుగు. ఈఎంఎఫ్ మీటరు చూపించేది విద్యుదయస్కాంత క్షేత్రాన్ని, దెయ్యాన్ని కాదు. ఫ్యూజు బోర్డు దగ్గర, ఫ్రిజ్ దగ్గర అంకె ఎలాగూ ఎగురుతుంది. అందుకే పగలే ఇల్లంతా కొలిచి నక్షా మీద రాసిపెట్టుకున్నాను. రాత్రి గదికొక రికార్డరు పెట్టి, అన్నింటిలో టైము ఒకటే ఉండేలా చూశాను.

ఇంగ్లండులో విక్ టాండీ అనే ఇంజనీరు తన ల్యాబ్‌లో కనిపించిన బూడిదరంగు ఆకారానికి కారణం వెతికి, 1998లో వ్యాసం రాశాడు. సుమారు 19 హెర్ట్జ్ దగ్గర, చెవికి అందని కంపనం పుట్టిస్తున్న ఫ్యాన్ దాని వెనక ఉందని తేల్చాడు. అది చదివినప్పటి నుంచీ తిరిగే యంత్రం ఎక్కడుందా అని మొదట చూడటం నాకు అలవాటు.

ఇక్కడా అదే. ఇంటి వెనక పామాయిల్ తోటలో బోరుంది. రాత్రివేళ త్రీ ఫేజ్ కరెంటు రాగానే ఆటో స్టార్టరు మోటారును దానంతటదే ఆన్ చేస్తుంది. నీళ్ల ఇనప పైపు వెనకగది గోడకి క్లాంపులతో బిగించి ఉంది. మర్నాడు కరెంటున్నప్పుడు మామ్మగారిని ఆ గదిలో కూర్చోబెట్టి, ఆవిడకి చెప్పకుండా మోటారు వేయించి, ఆపించాను. వేసిన ప్రతిసారీ "అదే, అదే" అన్నారు. క్లాంపుల కింద రబ్బరు ముక్కలు పెట్టాక మూలుగు బాగా తగ్గింది.

అటక మీంచి వినిపించిన ఒక దెబ్బ చప్పుడు మాత్రం రికార్డరులో ఉండిపోయింది. ఎలుక జాడ లేదు, మోటారు ఆ టైములో నడవలేదు. రిపోర్టులో 'కారణం దొరకలేదు' అనే రాశాను. మళ్లీ వస్తే టైము రాసిపెట్టమని మామ్మగారికి ఒక నోటుబుక్ ఇచ్చి వచ్చాను.