కసిమి నల్లబడిన రోజు

ఆదివారం. కసిమి, అంటే కలంకారీ నల్లరంగు, కుండలో పెట్టి ఇవాళ్టికి 18 రోజులు. వాసెన గుడ్డ విప్పగానే గుప్పుమని పుల్లటి వాసన. పైన నురగ అణిగిపోయింది. శ్రీకాళహస్తి కలంకారీకి నలుపంటే ఇదే: తుప్పు పట్టిన ఇనుప ముక్కలు, బెల్లం, నీళ్లు. బెల్లం పులిసిన పులుపే ఇనుమును కరిగిస్తుంది. కరక్కాయ పట్టించిన పీలిక మీద ఒక చుక్క వేసి చూడాలి. బూడిదరంగు దగ్గరే ఆగితే ఇంకో మూడు రోజులు ఓపిక పట్టాల్సిందే. ఇవాళ చుక్క కళ్లముందే కాటుకలా నల్లబడింది. ఎన్నిసార్లు చూసినా ఒళ్లు పులకరిస్తుంది.

గుడ్డ నిన్ననే సిద్ధమైంది. రెండు మీటర్ల గాడా (ముతక నూలు గుడ్డ)కు లీటరు గేదెపాలు, లీటరు నీళ్లు, 100 గ్రాముల కరక్కాయ పొడి. ముందు గంజి పూర్తిగా పోయేలా ఉతకాలి, లేదంటే పాలు అక్కడక్కడే పడతాయి. కరక్కాయ వగరు ఇనుముతో కలిస్తేనే నలుపు. పాలలోని కొవ్వు గీతను పక్కకు పాకనివ్వదు, అందుకే వెన్న తీసిన పాలు పనికిరావు. గుడ్డను పిండి, మంచి ఎండలో ఆరేయాలి. తుప్పు పట్టిన క్లిప్పు తగిలిందా, అక్కడ నల్లమచ్చ ఖాయం.

మధ్యాహ్నం కలం పని. వెదురుపుల్ల కొస సన్నగా చెక్కి, అంగుళం పైన ఉన్ని చుట్టి దారంతో బిగించాలి. రంగు ఉన్నిలో ఉంటుంది, వేళ్లతో నొక్కితే కొనకు దిగుతుంది. ముంచిన వెంటనే గీస్తే బొట్టు పడుతుంది, ముందు పాతగుడ్డకు తాకించాలి. చింతబొగ్గు గీతైతే దులిపేయొచ్చు, కసిమి పడ్డాక చెరుపు లేదు. బొమ్మల కళ్లు చివర్లో గీయడమే మేలు, అప్పటికి చెయ్యి కుదురుతుంది.

2008లో పద్మశ్రీ అందుకున్న కలంకారీ కళాకారుడు జొన్నలగడ్డ గుర్రప్ప చెట్టి గారి వంటివారికి ఇదే జీవితం. ఉద్యోగం చేసుకుంటూ గీసేవాళ్లకు దొరికేది వారానికి రెండు మూడు గంటలు. అయినా ఈ పని చేతిని వదలదు. కుండ పులవాలి, గుడ్డ ఆరాలి, పటిక పట్టాలి. ఏ రోజు పనైనా మర్నాటికి కొంత బాకీ ఉంచుతుంది.

రేపు ఎరుపు రావాల్సిన చోట్ల పటిక నీళ్లు, తర్వాత వేసే ఎరుపు పటిక ఉన్నచోటే పడుతుంది. రెండు రోజులాగి పారే నీళ్లలోనే జాడించాలి. బకెట్లో నానబెడితే ఊడిన పటిక పక్కకు అంటుకుని, అక్కడా ఎరుపెక్కుతుంది. కాళహస్తిలో స్వర్ణముఖి నది ప్రవాహం చేసే పనిని ఇంట్లో కుళాయి చేయాలి: గుడ్డను వాలుగా పట్టుకుంటే చాలు.

కసిమి వడకట్టాక మిగిలిన ఇనుము మళ్లీ కుండలోకే. కొత్త బెల్లం వేసి వాసెన కట్టేశాను.