మిణుగురు పువ్వు కోసం అడవిలో ఒక రాత్రి

నేను వెతుక్కుంటూ వెళ్లిన పువ్వు ఈ భూమ్మీద ఎక్కడా పూయదు. తనంతట తాను వెలిగే పూల మొక్క ప్రకృతిలో ఇప్పటిదాకా ఎవరికీ దొరకలేదు. ఆ సంగతి తెలిసే బయల్దేరాను. చిన్నప్పటి నుంచి నా ఊహలో ఒక పువ్వు ఉంది, మిణుగురు పువ్వు అని నేనే పేరు పెట్టుకున్నాను, అదే గనక ఉంటే ఎలాంటి చోట పూస్తుందో అలాంటి చోట ఒక్క రాత్రైనా కూర్చోవాలని ఎన్నాళ్లుగానో కోరిక. అందుకే వానాకాలంలో, అమావాస్య ముందు రోజు, వెలిగే పుట్టగొడుగులు ఉండే అడవికి ఒక గైడ్‌ను వెంటబెట్టుకుని వెళ్లాను.

నడక గురించి చెప్పడానికి పెద్దగా ఏం లేదు. బురద, జలగలు, ఆగి ఆగి కురిసే వాన. వాగు దాటాక గైడ్ ఆగి, "ఇక టార్చ్ ఆపెయ్యండి, ఫోన్ కూడా తియ్యకండి" అన్నారు. కళ్లు చీకటికి పూర్తిగా అలవాటు పడటానికి ఇరవై, ముప్పై నిమిషాలు పడుతుంది, మధ్యలో ఒక్కసారి ఫోన్ వెలిగినా మళ్లీ మొదటికే. కాసేపు నా చెయ్యి నాకే కనబడలేదు, టెన్షన్ పడ్డాను.

తర్వాత నేల మీద పాలు ఒలికినట్టు ఒక మసక. ముందు వెన్నెల అనుకున్నాను, ఆ రాత్రి వెన్నెల ఎక్కడిది? కుళ్లిన దుంగ అది. మోకాళ్ల మీద కూర్చుని ముఖం దగ్గరగా పెట్టి చూస్తే బెరడు పగిలిన చోటల్లా దారాలు దారాలుగా వెలుగు, పక్కనే గోరంత పుట్టగొడుగులు. వేలు అడ్డం పెడితే వేలి అంచు నల్లగా తెలిసింది. నేరుగా చూస్తే మాయమవుతుంది, చూపు కాస్త పక్కకు తిప్పితే మళ్లీ వస్తుంది. ఫోటోల్లో ఆకుపచ్చగా ఉంటుంది గానీ నాకు కనిపించింది బూడిద కలిసిన తెలుపే, ఎందుకంటే అంత తక్కువ వెలుతురులో పనిచేసే కంటి కణాలకు రంగులు తెలియవు.

అక్కడే కూర్చుండిపోయాను. గాస్ట్రోడియా ఎలాటా అని ఒక ఆర్కిడ్ ఉంది. దానికి పచ్చని ఆకులుండవు, ఎండతో పని లేదు, ఆర్మిల్లేరియా అనే శిలీంధ్రం నుంచి తిండి లాక్కుని బతుకుతుంది. ఆ ఆర్మిల్లేరియా దారాలేమో చీకట్లో వెలుగుతాయి! అంటే వెలిగేదాన్ని తిని బతికే పూల మొక్క నిజంగానే ఉంది, కాకపోతే అది వెలగదు. మిగిలిన ఆ ఒక్క అడుగే నా పువ్వు.

ఆ అడుగు ల్యాబులో మనుషులు వేశారు. 1986లో మిణుగురు జన్యువును పొగాకు మొక్కలో పెట్టారు, కానీ వెలగడానికి కావాల్సిన లూసిఫెరిన్ అనే రసాయనాన్ని బయటి నుంచి అందించాల్సి వచ్చింది. 2020లో వెలిగే పుట్టగొడుగు జన్యువులు పెట్టిన పొగాకు మొక్కలైతే మొలక దశ నుంచే వాటంతట అవే వెలిగాయి, అందులోనూ పువ్వులే బాగా వెలిగాయట. అది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. అయినా నాకు కావాల్సింది కుండీలో పువ్వు కాదు, అడవిలో తన అవసరం కోసం తాను వెలిగే పువ్వు.

దానికి అవసరం ఏముంటుంది? పురుగులు. బ్రెజిల్ అడవిలో ఆకుపచ్చ లైట్లు అమర్చిన ఉత్తుత్తి పుట్టగొడుగులు పెడితే, లైట్లు లేని వాటి కంటే వాటి మీదికే ఎక్కువ పురుగులు వచ్చాయని 2015లో తేలింది. కాబట్టి నా మిణుగురు పువ్వు పెంకు పురుగుల కోసం వెలుగుతుంది. వెన్నెల ఉన్న రాత్రి దాని వెలుగు ఎవరికీ ఆనదు గనక చంద్రుడు లేని రాత్రే విచ్చుకుంటుంది. వెలుగు ఒక్కసారిగా రాదు, వత్తిలోకి నూనె ఎక్కినట్టు కాడలోంచి మెల్లగా పైకెక్కి ఈనె ఈనెగా ఐదు రేకుల్లోకీ పాకుతుంది. పురుగు వచ్చి పుప్పొడి అంటించి వెళ్లిందా, ఆ వెలుగు అక్కడితో సరి, తిండి మొత్తం గింజలకే. ఆర్కిడ్ల లాగే దీని గింజలూ ధూళంత ఉంటాయి, లోపల తిండి నిల్వ ఉండదు, శిలీంధ్రం దొరికితేనే మొలక. కాయ పగిలినప్పుడు ఒక్కో గింజా రెండు ఊపిర్ల సేపు మెరుస్తుంది, ఎందుకో నాకింకా తోచలేదు, కానీ అది మాత్రం నేను వదులుకోను.

ఇదంతా ఆ చీకట్లోనే తడుముకుంటూ నోట్‌బుక్‌లో రాశాను, బొమ్మ కూడా వేశాను. తెల్లారాక చూస్తే దుంగ మామూలు కుళ్లు కట్టె, పుట్టగొడుగులు వెలవెలబోయి ఉన్నాయి. నోట్‌బుక్‌లో గీతలు ఒకదాని మీద ఒకటి ఎక్కి ఉన్నాయి, నాలుగు రేకులు ఒక పేజీలో, ఐదోది అంచు దాటి పక్క పేజీలో.