చల్లగా లేని బీరూ, మా సందు చివరి వైన్సూ

పోయిన ఎండాకాలం మూడు నెలలు అమెరికాలో, ఇండియానా రాష్ట్రంలోని ఇండియానాపొలిస్‌లో మా అక్క వాళ్లింట్లో ఉన్నాను. ఒక శనివారం సాయంత్రం బావ పెరట్లో చికెన్ కాలుస్తుంటే, బీరు అయిపోయిందని అక్కా నేనూ దగ్గర్లోని గ్యాస్ స్టేషన్‌కి, అంటే పెట్రోల్ బంకు షాపుకి వెళ్లాం. లోపల ఫ్రిజ్‌లో పాలు, కోక్, మంచినీళ్లు అన్నీ చల్లగా ఉన్నాయి, బీరు డబ్బాలు మాత్రం గోడ వారగా అట్టపెట్టెల్లో నేల మీద పెట్టారు. ఫ్రిజ్‌లో చోటు లేదేమో అనుకున్నా. కాదట, ఆ రాష్ట్రంలో చట్టమే అంత: గ్యాస్ స్టేషన్లూ గ్రోసరీ షాపులూ బీరు అమ్మొచ్చు కానీ చల్లగా అమ్మకూడదు, చల్లటిది కావాలంటే లిక్కర్ స్టోర్‌కే వెళ్లాలి. 2018 దాకా ఆదివారం షాపుల్లో మందు అమ్మకమే లేదని కూడా అక్క చెప్పింది.

అప్పటి నుంచి ఎవరు కలిసినా మీ రాష్ట్రంలో ఎలా అని అడగడం మొదలుపెట్టాను. డల్లాస్‌లో ఉండే నా ఫ్రెండ్ చెప్పింది, టెక్సస్‌లో ఆదివారం పొద్దున పది అయ్యేదాకా షాపులో బీరు ఇవ్వరట, 2021కి ముందైతే మధ్యాహ్నం పన్నెండు దాకా ఆగాల్సిందే. కొలరాడోలో 2019 జనవరి నుంచే మామూలు స్ట్రెంత్ బీరు గ్రోసరీ షాపులకు వచ్చింది, అంతకుముందు పల్చటిదే దొరికేది. 1933లో మద్యనిషేధం ఎత్తేసినప్పుడు అమ్మకాల సంగతి రాష్ట్రాలకే వదిలేశారు కాబట్టి ఎవరి పద్ధతి వాళ్లది. ఒక్క 21 ఏళ్ల వయసు మాత్రం దేశమంతా ఒకటే. ఆ వయసు పెట్టని రాష్ట్రానికి రోడ్ల నిధుల్లో కోత పెడతామని 1984లో కేంద్రం చట్టం చేసింది.

ఆ రోజు గ్యాస్ స్టేషన్‌లో కౌంటర్ దగ్గరున్న పెద్దావిడ నన్ను ఐడీ అడిగింది. నాకు 29. పాస్‌పోర్టు తీసిస్తే పుట్టిన తేదీ దగ్గర వేలు పెట్టి చదివి, నా మొహం చూసి, అప్పుడు బిల్లు కొట్టింది. వెనక నలుగురు లైన్లో ఉన్నారు, ఒక్కరూ విసుక్కోలేదు.

తెలంగాణలో కూడా 21 ఏళ్లే. గోవాలో 18, ఢిల్లీలో 25, మనకు సరిగ్గా అమెరికా వాళ్ల అంకే. కిరాణా కొట్లో బీరు అంటే మాత్రం మన దగ్గర అర్థం వేరు, దాన్ని బెల్ట్ షాపు అంటాం, పట్టుకుంటే కేసు. లైసెన్సు వైన్స్‌కే, అదీ లాటరీలో. ఈ మధ్య రాష్ట్రమంతా కలిపి 2,620 షాపులకు ఒక్కో దరఖాస్తుకు 3 లక్షలు కట్టించుకున్నారు, లాటరీలో పేరు రాకపోయినా ఆ డబ్బు వెనక్కి రాదు.

ఇంత కట్టుదిట్టంగా లైసెన్సు ఇచ్చిన షాపు ముందు పోయిన వారం నేను చూసింది ఇది. కూకట్‌పల్లిలో మా సందు చివర వైన్స్, సాయంత్రం ఏడు. ఇనుప గ్రిల్లు, దానికి చెయ్యి పట్టేంత కంత, చుట్టూ ఓ ఇరవై మంది. ఒక పిల్లాడు, మీసం ఇంకా సరిగా రాలేదు, మెడలో కాలేజీ ఐడీ కార్డు చొక్కా జేబులోకి దోపుకున్నాడు గానీ నీలం రంగు ట్యాగ్ బయటికే కనిపిస్తోంది. కంతలోంచి ఫోన్ చూపించాడు, స్పీకర్లో డబ్బు పడినట్టు వినిపించింది, రెండు స్ట్రాంగ్ బీర్లు బయటికొచ్చాయి. లోపలి మనిషి తల కూడా ఎత్తలేదు.

నాకు కడుపులో తిప్పినట్టయింది. మా బాబాయి కొడుకు పదిహేడేళ్లప్పుడు ఇలాగే కొనుక్కుని, తాగి బండి తోలి పడ్డాడు, ఇవాళ్టికీ కాల్లో రాడ్డు ఉంది, మెట్లెక్కేటప్పుడు గోడ పట్టుకుంటాడు. ఆ రోజు కౌంటర్ దగ్గర ఎవరో ఒకరు "వయసెంత?" అని అడిగి ఉంటే బాగుండేదని పిన్ని ఎన్నోసార్లు అంది.

మన సూపర్ మార్కెట్లలో కూడా బీరు పెట్టాలని మా ఆఫీసులో చాలామంది అంటారు. ఆడవాళ్లు ఆ గ్రిల్లు ముందు నిలబడలేరు అన్నది నిజమే, నేనూ నిలబడను, జూబ్లీహిల్స్ వైపు లోపలికెళ్లి కొనుక్కునే పెద్ద షాపులున్నా అవి అందరికీ దగ్గర కాదు. అయినా సరే, ఇప్పుడున్న షాపుల్లోనే వయసు అడగనప్పుడు ఇంకో పదివేల కౌంటర్లు తెరవడానికి నేను ఒప్పుకోను. ముందు ఐడీ చూడటం మొదలుపెట్టాలి. చూడకుండా అమ్మి దొరికితే ఆ షాపు వారం రోజులు మూయించాలి, లైసెన్సుకి అంత పోసినవాడికి వారం మూత అంటే బాగా తెలుస్తుంది.

ఆ పిల్లాణ్ని చూసిన మర్నాడు మధ్యాహ్నం జనం లేని టైం చూసి మా సందు వైన్స్‌కి వెళ్లి, నిన్న ఆ పిల్లాడికి ఎందుకిచ్చారని లోపలి మనిషిని అడిగాను. "ఏం జేస్తమక్కా, నేనియ్యకపోతే పక్క షాపుకు పోతడు" అన్నాడు. పక్క షాపుకి కూడా వెళ్లి అడిగాను. అక్కడా అదే మాట. ఎక్సైజ్ స్టేషన్‌లో ఇవ్వడానికి అర్జీ రాసుకున్నాను, సోమవారం వెళ్తున్నా, మా అపార్ట్‌మెంట్‌లో ఇద్దరు తల్లులు కూడా వస్తామన్నారు.